గృహరుణం కట్టలేనివారికి న్యాయస్థానం ఇచ్చే ఊరట ఎంత?

కోనసీమ ఊళ్లలో కొత్తగా కట్టిన డాబా ఇంటికి నెలల తరబడి తాళం వేసి ఉండటం వింతేమీ కాదు. యజమాని కువైట్‌లోనో మస్కట్‌లోనో ఉంటాడు, భార్య పిల్లల చదువు కోసం కాకినాడలోనో రాజమహేంద్రవరంలోనో అద్దెకు ఉంటుంది, తల్లిదండ్రులు ఊళ్లోనే పాత పెంకుటింట్లో ఉంటారు. ఆ తాళం వేసిన ఇంటికి బ్యాంకు రిజిస్ట్రేషన్‌తో స్పీడ్ పోస్టులో పంపిన కవరు వచ్చి తిరిగి వెళ్లిపోయినా, చిరునామా సరైనదైతే, అందలేదని రుజువు చేయనంతవరకు అది అందినట్టే చట్టం భావిస్తుంది. ఆ కవరులో బాకీ మొత్తం కట్టడానికి 60 రోజుల గడువు ఉంటుంది. గృహరుణం వాయిదాలు తప్పినవారికి న్యాయస్థానం ఏ ఊరట ఇవ్వగలదన్న ప్రశ్న ఆ కవరు దగ్గరే మొదలవుతుంది, చాలామంది విషయంలో అక్కడే ముగిసిపోతుంది కూడా.

ఊరట అన్న మాటకు హద్దులు ముందే గుర్తించాలి. అప్పు మాఫీ చేసే అధికారం గాని, వాయిదాల మొత్తాన్ని తగ్గించి గడువును పొడిగించే అధికారం గాని ఈ వ్యవహారాలు వినే ప్రత్యేక న్యాయస్థానమైన రుణ వసూలు ట్రైబ్యునల్‌కు లేదు. బాకీదారు కష్టం ఎంత నిజమైనదైనా, రొయ్యల చెరువు మునిగినా, ఉద్యోగం పోయినా, దాన్ని ఆధారంగా చేసుకుని అసలు బాకీ తగ్గించమని ఆదేశించే వీలు చట్టంలో కనిపించదు. చట్టం చెప్పిన మెట్లన్నీ అప్పిచ్చిన సంస్థ సరిగ్గా ఎక్కిందా, ఏదైనా మెట్టు దాటవేసిందా అన్నదే అక్కడ విచారణకు వచ్చే విషయం. దాటవేసినట్టు తేలితే ఇల్లు తిరిగి చేతికి వస్తుంది, బాకీ మాత్రం అలాగే ఉంటుంది. అందువల్ల ఇక్కడ ఊరట అంటే ప్రధానంగా సమయం. ఆ సమయంలో బాకీదారు డబ్బు సమకూర్చుకుంటాడా, ఇంటిని తానే మంచి ధరకు అమ్ముకుంటాడా, బ్యాంకుతో రాజీకి వస్తాడా అన్నది వేరే సంగతి. ఈ తేడా తెలియక, కోర్టుకు వెళితే అప్పు సంగతి కోర్టే చూసుకుంటుందన్న ఆశతో లాయరు ఫీజులకు మరో అప్పు చేసే కుటుంబాలు గోదావరి డెల్టాలో తక్కువేమీ కాదు.

పూర్వం పరిస్థితి ఇలా ఉండేది కాదు. 1882 నాటి ఆస్తి బదిలీ చట్టం, సివిల్ ప్రక్రియా స్మృతిలోని 34వ ఆర్డరు ప్రకారం, తాకట్టు పెట్టుకున్నవారు సివిల్ కోర్టులో దావా వేయాలి, కోర్టు ముందు ప్రాథమిక డిక్రీ ఇచ్చి 6 నెలల వరకు చెల్లింపు గడువు చెప్పాలి, అప్పటికీ కట్టకపోతే తుది డిక్రీ, ఆ తర్వాతే వేలం. ఏళ్ల తరబడి సాగే ఆ దారిలో బాకీదారుకు ఊపిరి పీల్చుకునే వ్యవధి ఉండేది, బ్యాంకులకు మాత్రం డబ్బు నిలిచిపోయేది. 2002లో వచ్చిన సర్ఫేసీ చట్టం ఆ దారిని తలకిందులు చేసింది. బ్యాంకు కోర్టు అనుమతి లేకుండానే తాకట్టు ఆస్తిని స్వాధీనం చేసుకుని అమ్మవచ్చు. న్యాయస్థానం మెట్లు ఎక్కవలసిన బాధ్యత అప్పటినుంచి బాకీదారు మీద పడింది. మొదట్లో అలా ఎక్కాలంటే బ్యాంకు అడిగిన మొత్తంలో 75 శాతం ముందే జమ చేయాలన్న నిబంధన ఉండేది. 2004 ఏప్రిల్‌లో మార్డియా కెమికల్స్ కేసులో సుప్రీంకోర్టు చట్టాన్ని సమర్థిస్తూనే ఆ నిబంధనను కొట్టివేసింది. ఇల్లు పోతున్నవాడిని ముందు ముప్పాతిక బాకీ కట్టి ఆ తర్వాత మొర చెప్పుకోమనడం న్యాయం కాదని గుర్తించిన ఆ తీర్పే నేటి ఊరటకు పునాది.

ఈ ప్రక్రియ మొదలయ్యేది 90 రోజుల లెక్కతో. వాయిదా మొత్తం 90 రోజులకు మించి బాకీ పడితే ఖాతా నిరర్థక ఆస్తి అవుతుంది, బ్యాంకువాళ్ల మాటలో ఎన్‌పీఏ అవుతుంది. ఒకసారి అలా మారాక ఒకటి రెండు వాయిదాలు కట్టినంత మాత్రాన ఖాతా మళ్లీ మామూలు స్థితికి రాదు. అసలు, వడ్డీ పాత బకాయి మొత్తం తీరితేనే దాన్ని మార్చాలని రిజర్వ్ బ్యాంక్ 2021 నవంబరులో స్పష్టం చేసింది. నెలజీతం వచ్చేవారికి ఈ లెక్క సహజంగా ఉంటుంది. డెల్టాలో మాత్రం డబ్బు నెలనెలా రాదు. సార్వా ధాన్యం డబ్బు ఒకసారి, దాళ్వా డబ్బు ఒకసారి చేతికి వస్తుంది. కొబ్బరి దింపు డబ్బుకు దాని లెక్క దానికి ఉంది. భీమవరం, ఉండి, ఆకివీడు వైపు రొయ్యల సాగుదారుకు పట్టుబడి, అంటే చెరువులో రొయ్యలు పట్టి అమ్మడం, అయ్యేదాకా రూపాయి కనిపించదు, పట్టుబడి నాటికి కౌంటు ధర (కిలోకు ఎన్ని తూగుతాయన్న లెక్కపై కట్టే ధర) ఎలా ఉంటుందో ఎవరూ చెప్పలేరు. 2025 ఆగస్టులో అమెరికా భారత సరుకుపై సుంకాన్ని 50 శాతానికి చేర్చినప్పుడు ఆ అనిశ్చితి ఎంత దూరం పాకుతుందో ఇక్కడి చెరువుగట్లు చూశాయి. పంట రుణాలకు రిజర్వ్ బ్యాంక్ నిబంధనలే పంటకాలాన్ని బట్టి గడువు లెక్కిస్తాయి, అదే రైతు తీసుకున్న గృహరుణానికి మాత్రం నెల లెక్కే వర్తిస్తుంది. రెండు పంటల మధ్య ఖాళీలో 3 వాయిదాలు తప్పడం ఇక్కడ మోసానికి గుర్తు కాదు. అయినా చట్టం దృష్టిలో అదే తొలి మెట్టు. గృహరుణం తీసుకునేటప్పుడే మూడు నెలలకో ఆరు నెలలకో ఒకసారి కట్టే వాయిదా పద్ధతిని రాతపూర్వకంగా కోరడం, బ్యాంకులు దాన్ని నిరాకరించకుండా చూడటం, ఈ ప్రాంతంలో ఎన్నో ఇళ్లను వేలం దాకా పోకుండా ఆపగలదు.

60 రోజుల నోటీసు, దాని జవాబు

ఖాతా ఎన్‌పీఏ అయ్యాక సర్ఫేసీ చట్టం 13వ సెక్షన్ రెండో ఉపసెక్షన్ కింద నోటీసు వస్తుంది. బాకీ ఎంత, ఏ ఆస్తి మీద చర్య తీసుకోబోతున్నారు అన్న వివరాలతో 60 రోజుల్లో మొత్తం చెల్లించమని అది చెబుతుంది. ఈ నోటీసు మీద నేరుగా ట్రైబ్యునల్‌కు వెళ్లే వీలు లేదు. ఉన్నది జవాబు రాసే హక్కు మాత్రమే. ఆ హక్కు విలువను చాలామంది తక్కువగా అంచనా వేస్తారు. మార్డియా తీర్పు తర్వాత చట్టంలో చేరిన ఉపసెక్షన్ ప్రకారం, బాకీదారు అభ్యంతరం రాస్తే బ్యాంకు దాన్ని పరిశీలించి, ఒప్పుకోకపోతే ఎందుకు ఒప్పుకోవడం లేదో 15 రోజుల్లోగా తెలియజేయాలి. నోటీసులోని మొత్తం తప్పా, కట్టిన వాయిదా జమ కాలేదా, వడ్డీ రేటు ఒప్పందానికి మించి పెరిగిందా, 90 రోజులు నిండకుండానే ఎన్‌పీఏ చేశారా, అపరాధ రుసుమును అసలులో కలిపి దానిపై మళ్లీ వడ్డీ వేశారా అన్నవన్నీ ఈ జవాబులో చేరాలి. చివరిదాని విషయంలో రిజర్వ్ బ్యాంక్ 2023 ఆగస్టులో స్పష్టమైన ఆదేశం ఇచ్చింది. అపరాధ రుసుమును వడ్డీ రేటుకు కలపకూడదు, దానిపై వడ్డీ వేయకూడదు. తర్వాత ట్రైబ్యునల్‌లో వాదించదలచిన విషయాలు ఈ దశలోనే కాగితం మీదికి వచ్చి, పోస్టాఫీసు రసీదుతో భద్రంగా ఉంటే, వాటికి వచ్చే బరువు వేరు. బ్రాంచి మేనేజరు తెలిసినవాడని నోటిమాటగా గడువు అడిగి ఊరుకోవడం వల్ల జరిగే నష్టం ఇక్కడే ఉంది. మేనేజరు సానుభూతి నిజమైనదే కావచ్చు, కాని చర్య తీసుకునేది ఆయన కాదు, పైస్థాయిలో ఉండే అధీకృత అధికారి.

నోటీసు ఎవరెవరికి రావాలన్నది మరో ముఖ్య విషయం. గోదావరి జిల్లాల్లో ఇంటిస్థలం భార్య పేరున ఉండటం మామూలు. పసుపు కుంకుమల కింద పుట్టింటివారు రాసిచ్చిన స్థలంలో భర్త రుణం తీసుకుని ఇల్లు కడతాడు, ఆమె సహ రుణగ్రహీతగానో హామీదారుగానో సంతకం చేస్తుంది. ఈ చట్టంలో రుణగ్రహీత అన్న మాటకు ఉన్న నిర్వచనం ప్రకారం హామీ ఇచ్చినవారు, ఆస్తి తాకట్టు పెట్టినవారు కూడా రుణగ్రహీతలే. కనుక ఆమెకు విడిగా నోటీసు అందాలి, అభ్యంతరం చెప్పే హక్కు, ట్రైబ్యునల్‌కు వెళ్లే హక్కు ఆమెకు స్వతంత్రంగా ఉన్నాయి. భర్త గల్ఫ్‌లో ఉండి రాలేని పరిస్థితిలో ఈ స్వతంత్ర హక్కే ఇంటికి ఆధారం అవుతుంది. పైగా 1987 నాటి న్యాయసేవల అధికార సంస్థల చట్టం 12వ సెక్షన్ ప్రకారం ఆదాయంతో నిమిత్తం లేకుండా మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఉచిత న్యాయ సహాయం పొందే అర్హత ఉంది. ఊళ్లో ఆ సంగతి తెలిసినవారు ఎంత తక్కువో చూస్తే బాధ కలుగుతుంది. గల్ఫ్‌లో ఉన్న యజమాని అక్కడి భారత రాయబార కార్యాలయంలో ధ్రువీకరించిన అధికార పత్రం పంపితే ఇక్కడివారు అతని తరఫున అర్జీ వేయవచ్చు, అయితే ఆ పత్రం రావడానికి పట్టే వారాలు గడువులోంచే ఖర్చవుతాయి.

స్వాధీనం, 45 రోజులు

60 రోజులు గడిచాక బ్యాంకు స్వాధీన నోటీసు ఇస్తుంది. ఇంటికి ఒక ప్రతి అంటించి, 7 రోజుల్లోగా రెండు ప్రధాన పత్రికల్లో ప్రకటించాలి, వాటిలో ఒకటి స్థానిక భాషలో ఉండాలి. ఇది తొలుత కాగితం మీది స్వాధీనం మాత్రమే. కుటుంబం ఇంట్లోనే ఉంటుంది, తాళాలు వారి దగ్గరే ఉంటాయి. అందుకే, ఇంకా ఇల్లు ఖాళీ చేయమనలేదు కదా అని చాలామంది ఊరట పడతారు. చట్టం లెక్క మాత్రం ఆ రోజునుంచే మొదలవుతుంది. 17వ సెక్షన్ కింద రుణ వసూలు ట్రైబ్యునల్‌లో అర్జీ వేయడానికి 45 రోజులే గడువు. కాగితం మీది స్వాధీన దశలోనే అర్జీ చెల్లుతుందని, భౌతికంగా ఇంట్లోంచి పంపేదాకా ఆగనక్కర్లేదని 2018లో హిండన్ ఫోర్జ్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. ఆ తీర్పు బాకీదారుకు ఎంత మేలు చేసిందో అంత హెచ్చరిక కూడా చేసింది, ఎందుకంటే ఆగితే గడువు దాటినట్టే.

డెల్టా జిల్లాల అర్జీలు వెళ్లేది విశాఖపట్నంలోని ట్రైబ్యునల్‌కు. అమలాపురంలో, నరసాపురంలో, భీమవరంలో ఉన్న సివిల్ కోర్టులకు ఈ విషయంలో అధికారం లేదు, సర్ఫేసీ చట్టం 34వ సెక్షన్ వాటి తలుపు మూసేసింది. బ్యాంకు చర్యలో మోసం ఉందని చెప్పగలిగిన అరుదైన సందర్భాల్లోను, బాకీతో సంబంధం లేని మూడోవ్యక్తి తన యాజమాన్య హక్కు కోసం వేసే దావాల్లోను మాత్రమే ఆ తలుపు కొద్దిగా తెరుచుకుంటుంది. అన్నదమ్ముల చేత ఉమ్మడి ఆస్తి అంటూ పంపకాల దావా వేయించి వేలం ఆపాలన్న పాత ఎత్తుగడ ఇప్పుడు ఎక్కువ దూరం సాగదు. అర్జీ రుసుము అందుబాటులోనే ఉంటుంది. బాకీ 10 లక్షల లోపు అయితే ప్రతి లక్షకు 500 రూపాయలు, 10 లక్షలు అంతకు మించి అయితే 5,000 రూపాయలకు తోడు, ఆపై ప్రతి లక్షకు 250 రూపాయలు. 24 లక్షల బాకీ ఉన్నవారు 8,500 రూపాయలు కట్టాలి. అసలు భారం రుసుము కాదు. దూరం, వాయిదాలు, అక్కడి న్యాయవాది ఖర్చు ఆ కుటుంబాన్ని ఎక్కువగా కుంగదీస్తాయి.

ట్రైబ్యునల్ ఏం చేయగలదు? చర్య చట్టప్రకారం లేదని తేలితే దాన్ని రద్దు చేసి ఇంటిని తిరిగి అప్పగించమని ఆదేశించగలదు, 19వ సెక్షన్ కింద నష్టపరిహారం, ఖర్చులు కూడా ఇప్పించగలదు. విచారణ ముగిసేలోగా తాత్కాలికంగా స్టే ఇవ్వగలదు, సాధారణంగా ఆ స్టే బాకీలో కొంత భాగం ఫలానా తేదీలోగా కట్టాలన్న షరతుతో వస్తుంది. షరతు తప్పితే స్టే దానంతట అదే పోతుంది. కనుక కొంత డబ్బైనా చేతిలో ఉంచుకుని వెళ్లినవారికే అది పనికొస్తుంది. ఉన్న డబ్బంతా వడ్డీవ్యాపారికి పోసి, చివరికి ఉత్తచేతులతో ట్రైబ్యునల్‌కు వెళ్లే కుటుంబాలకు మంచి కేసు ఉన్నా ఫలితం దక్కదు. అర్జీని 60 రోజుల్లో, ఎంత ఆలస్యమైనా 4 నెలల్లో ముగించాలని చట్టం చెబుతుంది. ఆచరణలో అలా జరగని కేసులే ఎక్కువ. ఆలస్యమైతే త్వరగా తేల్చమని అప్పీలు ట్రైబ్యునల్‌ను కోరే అవకాశం ఉంది.

ఆ అప్పీలు దగ్గర మాత్రం చట్టం కఠినంగా మారుతుంది. ట్రైబ్యునల్ తీర్పుపై 30 రోజుల్లో అప్పీలు చేయాలి, అందుకు బాకీలో 50 శాతం ముందే జమ చేయాలి, అప్పీలు ట్రైబ్యునల్ దయతలిస్తే 25 శాతం దాకా తగ్గించవచ్చు, అంతకంటే తగ్గించే అధికారం దానికీ లేదు. 24 లక్షల బాకీకి కనీసం 6 లక్షలు. ఆంధ్రప్రదేశ్ కేసులు వినే ఆ అప్పీలు ట్రైబ్యునల్ కోల్‌కతాలో ఉంది. 2004లో 75 శాతం నిబంధనను కొట్టివేసినప్పుడు సుప్రీంకోర్టు చూపిన న్యాయదృష్టి ఒక మెట్టు పైన ఎందుకు వర్తించకూడదన్నది అడగదగిన ప్రశ్న. బ్యాంకు తప్పు చేసిందని వాదించేవాడికి ఆ వాదన వినిపించే ఖరీదు పావు ఇల్లంత కాకూడదు.

భౌతిక స్వాధీనానికి బ్యాంకు 14వ సెక్షన్ కింద జిల్లా మేజిస్ట్రేటును, అంటే కలెక్టరును గాని, చీఫ్ జుడీషియల్ మేజిస్ట్రేటును గాని ఆశ్రయిస్తుంది. 2022 ఏప్రిల్‌లో జిల్లాలు మారాక కోనసీమవారికి ఆ కలెక్టరేటు అమలాపురంలో, పశ్చిమగోదావరివారికి భీమవరంలో ఉన్నాయి. కలెక్టరుకు అర్జీ పెట్టుకుంటే ఇల్లు నిలుస్తుందన్న నమ్మకం ఇక్కడ బలంగా ఉంది, గ్రీవెన్స్ రోజున ఆ కాగితాలు పట్టుకుని వెళ్లేవారూ ఉన్నారు. కాని ఈ సెక్షన్ కింద కలెక్టరు వివాదాన్ని విచారించరు. బ్యాంకు అధికారి 9 అంశాలపై ఇచ్చిన ప్రమాణపత్రం సక్రమంగా ఉందో లేదో చూసి, 30 రోజుల్లో, మించితే 60 రోజుల్లో ఉత్తర్వు ఇవ్వడమే ఆయన పని. ఆ తర్వాత పోలీసు సాయంతో ఇల్లు ఖాళీ చేయిస్తారు. ఆ ఉత్తర్వుతో జరిగే స్వాధీనంపై కూడా మళ్లీ ట్రైబ్యునల్‌కే వెళ్లాలి.

వేలం ప్రకటన వచ్చేలోగా

ఇంటిని విడిపించుకునే హక్కు తాకట్టు చట్టంలో పురాతనమైనది. పూర్వం అమ్మకం పూర్తయ్యేదాకా ఆ హక్కు బతికి ఉండేది. 2016 సవరణ దాన్ని ముందుకు జరిపింది. వేలం ప్రకటన వెలువడిన తేదీకి ముందే మొత్తం బాకీ, ఖర్చులతో సహా కట్టాలి. 2023 సెప్టెంబరులో సెలిర్, బాఫ్నా మోటార్స్ కేసులో సుప్రీంకోర్టు ఈ మాటను కచ్చితంగా అన్వయించి, ప్రకటన వెలువడ్డాక విడిపించుకునే హక్కు బాకీదారుకు ఉండదని చెప్పింది. వేలం నాటికి డబ్బు తెస్తామని బంధువుల చుట్టూ తిరిగే కుటుంబానికి ఈ తేడా పిడుగులాంటిది. వేలం రోజును గాక, ప్రకటన రోజునే చివరి తేదీగా లెక్కించుకోవాలి. ఇంటిని తామే అమ్మి బాకీ తీర్చే ఉద్దేశం ఉంటే అంతకు చాలా ముందే, బ్యాంకుకు రాతపూర్వకంగా చెప్పి, కొనేవారిని తీసుకుని వెళ్లాలి. డెల్టాలో ఇంటిస్థలాల ధరలు ఊళ్లో తెలిసినవారి మధ్య ఒకలా, బయటివారు పాడే వేలంలో మరోలా ఉంటాయి. బ్యాంకు వేలంలో కొన్న ఇంట్లో కాపురం ఉండటానికి ఊళ్లోవారు వెనకాడతారు, ఆ వెనకాడటం ధరలో కనిపిస్తుంది.

వేలానికీ నియమాలున్నాయి. ఆమోదం పొందిన మదింపుదారుతో విలువ కట్టించి కనీస ధర నిర్ణయించాలి, బాకీదారుకు 30 రోజుల నోటీసు ఇవ్వాలి, రెండు పత్రికల్లో ప్రకటించాలి. మొదటి వేలం జరగకపోతే తర్వాతి వేలానికి 15 రోజుల నోటీసు సరిపోతుంది. పాడుకున్నవారు 25 శాతం ఆ రోజే లేదా మరుసటి పనిదినాన కట్టాలి, మిగిలినది 15 రోజుల్లో కట్టాలి. 30 రోజుల నోటీసు నామమాత్రపు లాంఛనం కాదని, తప్పనిసరి అని 2014లో మాథ్యూ వర్గీస్ కేసులో తేలింది. ట్రైబ్యునల్‌లో బాకీదారులు గెలిచే కేసుల్లో చాలావరకు ఇలాంటి తేదీల తప్పులే ఆధారం. అందుకే కవర్లు పారేయకూడదు. కవరు మీది పోస్టాఫీసు ముద్రలోని తేదీ ఒక్కోసారి లోపలి కాగితం కంటే విలువైనది.

హైకోర్టుకు వెళ్లడం గురించి ఒక మాట. రాజ్యాంగంలోని 226వ అధికరణం కింద రిట్ వేస్తే స్టే త్వరగా వస్తుందన్న ఆశ సహజమే, షరతులతో తాత్కాలిక ఉత్తర్వులు వచ్చిన సందర్భాలూ ఉన్నాయి. అయితే 2010 నాటి సత్యవతీ టాండన్ తీర్పు నుంచి 2024 నాటి పీహెచ్‌ఆర్ ఇన్వెంట్ తీర్పు దాకా సుప్రీంకోర్టు ఒకే మాట చెబుతోంది. ట్రైబ్యునల్ దారి ఉన్నప్పుడు హైకోర్టులు సాధారణంగా జోక్యం చేసుకోకూడదు. రిట్ కొట్టేసే నాటికి 45 రోజులు దాటిపోతే రెండు దారులూ మూసుకుపోతాయి. ఏకకాల పరిష్కారం విషయమూ ఇంతే. బ్యాంకు తన పథకం కింద కొంత తగ్గించి ఖాతా ముగించడానికి ఒప్పుకోవచ్చు, ఒప్పుకుని తీరాలని ఏ కోర్టూ ఆదేశించజాలదని బిజ్నోర్ అర్బన్ సహకార బ్యాంకు కేసులో 2021 డిసెంబరులో తీర్పు వచ్చింది. ఒప్పుకున్న పరిష్కారంలో గడువు తప్పితే దాన్ని కోర్టు ద్వారా పొడిగించుకోవడమూ కుదరదు. లోక్ అదాలత్ మాత్రం చాలామంది ఊహించేదానికంటే పనికొస్తుంది. అక్కడ కుదిరిన రాజీకి డిక్రీతో సమానమైన బలం ఉంటుంది, రుసుము ఉండదు, దావా వేయకముందే వెళ్లవచ్చు, పైగా అది విశాఖలో కాదు, దగ్గరి కోర్టు ప్రాంగణంలోనే జరుగుతుంది. బ్యాంకు ఒప్పుకుంటేనే రాజీ అన్నది నిజమే, కాని పట్టుబడి డబ్బు ఫలానా నెలలో వస్తుందని లెక్కలతో చూపించగల బాకీదారు మాట అక్కడ చెల్లిన సందర్భాలు ఉంటాయి.

డెల్టాలో తరచు వినిపించే మూడు నమ్మకాలను ఇక్కడ పరీక్షించాలి. మొదటిది ఐపీ. అప్పులు మీదపడినవారు సివిల్ కోర్టులో దివాలా పిటిషను వేయడాన్ని ఇక్కడ ఐపీ పెట్టడం అంటారు. చేబదులు, చిట్టీలు, ప్రామిసరీ నోట్ల బాకీల విషయంలో దానికి ప్రభావం ఉండవచ్చు, కాని 1920 నాటి ప్రొవిన్షియల్ ఇన్సాల్వెన్సీ చట్టం 28వ సెక్షన్‌లోనే ఆస్తి తాకట్టు పెట్టుకున్న రుణదాత హక్కుకు మినహాయింపు ఉంది. ఐపీ పెట్టినా బ్యాంకు ఇంటిని వేలం వేయవచ్చు. రెండోది, రైతు ఇల్లు జప్తు చేయరాదన్నది. సివిల్ ప్రక్రియా స్మృతి 60వ సెక్షన్‌లో వ్యవసాయదారు నివసించే ఇంటికి జప్తు నుంచి రక్షణ ఉన్న మాట నిజమే, అయితే అది మామూలు డబ్బు డిక్రీల అమలుకు సంబంధించినది. తానే చేతులారా తాకట్టు పెట్టిన ఇంటికి ఆ రక్షణ అడ్డురాదు.

మూడోది వ్యవసాయ భూమి గురించినది, ఇందులో మాత్రం నిజం గట్టిగానే ఉంది. సర్ఫేసీ చట్టం 31వ సెక్షన్ వ్యవసాయ భూమిపై తాకట్టును ఆ చట్టం పరిధినుంచి తప్పించింది. కొబ్బరితోటలోనో వరిచేను గట్టునో ఇల్లు కట్టుకున్నవారు, ఇంటిరుణానికి అదనపు హామీగా పొలం దస్తావేజులు కూడా ఇచ్చినవారు దీన్ని జాగ్రత్తగా చూసుకోవాలి. అయితే అడంగల్‌లో మెట్ట, మాగాణి అని ఉన్నంత మాత్రాన చాలదు. తాకట్టు పెట్టిన నాటికి ఆ భూమి నిజంగా సాగులో ఉందని బాకీదారే రుజువు చేయాలని తెలంగాణ నుంచి వెళ్లిన కె.శ్రీధర్ కేసులో 2023 జనవరిలో సుప్రీంకోర్టు చెప్పింది. రికార్డులో మాగాణిగా ఉండి నేల మీద లేఅవుట్ రాళ్లు పాతిన భూములు డెల్టా పట్టణాల చుట్టూ ఎన్నో ఉన్నాయి, వాటికి ఈ రక్షణ దొరకడం కష్టం. అదే 31వ సెక్షన్‌లో మరో రక్షణ దాదాపు అజ్ఞాతంగా పడి ఉంది. మిగిలిన బాకీ అసలు, వడ్డీ మొత్తంలో 20 శాతం కంటే తక్కువైతే ఈ చట్టం కింద చర్యే కుదరదు. పదిహేనేళ్లు వాయిదాలు కట్టి, చివర్లో జబ్బుపడి ఆగిపోయిన వృద్ధ దంపతులకు ఇది నేరుగా వర్తించవచ్చు. అప్పుడు బ్యాంకు సాధారణంగా సివిల్ కోర్టు దారిలో రావాలి, ఆ దారిలో 6 నెలల పాత గడువు ఇంకా బతికే ఉంది.

వసూలు ఏజెంట్ల ఆగడాలకు సంబంధించిన ఊరట వేరే. ఉదయం 8 గంటలకు ముందు, సాయంత్రం 7 గంటల తర్వాత ఫోన్లు చేయకూడదని రిజర్వ్ బ్యాంక్ 2022లో ఆదేశించింది. బెదిరింపులు, బంధువుల ఎదుట అవమానాలు జరిగితే తేదీ, సమయం రాసిపెట్టుకుని ముందు బ్యాంకుకు, 30 రోజుల్లో తృప్తికరమైన జవాబు రాకపోతే రిజర్వ్ బ్యాంక్ అంబుడ్స్‌మన్‌కు ఫిర్యాదు చేయవచ్చు. ఆ ఫిర్యాదు వేలాన్ని ఆపదు, ఇంటి గడప దగ్గరి గౌరవాన్ని మాత్రం కాపాడుతుంది, దాని విలువ తక్కువ కాదు.

అన్ని దారులూ మూసుకుని వేలం ముగిసిన తర్వాత కూడా బాకీదారుకు ఒక హక్కు మిగిలి ఉంటుంది, దాన్ని అడిగేవారు అరుదు. 13వ సెక్షన్ ఏడో ఉపసెక్షన్ ప్రకారం వేలం సొమ్ములోంచి ఖర్చులు, బాకీ పోగా మిగిలినది హక్కుదారుకు తిరిగి ఇవ్వాలి. 24 లక్షల బాకీకి ఇల్లు 31 లక్షలకు అమ్ముడైతే, ఖర్చులు పోను మిగిలిన సొమ్ము ఆ కుటుంబానిదే. ఇల్లు పోయిన దుఃఖంలో, ఊళ్లో తలెత్తుకోలేక వేరే పట్టణానికి వెళ్లిపోయినవారు లెక్క అడగరు, అడగనివారికి లెక్క ఆలస్యంగా వస్తుంది. వేలం ఖరారైన తేదీ, వచ్చిన ధర, పట్టుకున్న ఖర్చుల జాబితా, మిగులు ఎంతో తెలపమని అధీకృత అధికారికి రిజిస్ట్రేషన్‌తో స్పీడ్ పోస్టులో ఒక ఉత్తరం రాయాలి, అందులో ప్రస్తుతం ఉంటున్న కొత్త చిరునామా స్పష్టంగా ఉండాలి.